మద్దికొమ్మన దసలి దారం

నల్లమద్ది కొమ్మకు వేలాడే దసలి పట్టుపురుగు గూడును తొలిసారి చూసినవాళ్లు అదేదో చెట్టు కాయే అనుకుంటారు. పెంచేవాళ్లు కూడా దాన్ని పట్టుకాయ అనే పిలుస్తారు. నాలుగైదు సెంటీమీటర్ల పొడవు, బూడిదరంగో లేత పసుపో, వేళ్లతో నొక్కినా సొట్టపడని గట్టిదనం. పైన నల్లబడిన తొడిమ ఒకటి ఉంటుంది. అసలు పనితనం ఆ తొడిమ దగ్గరే చూడాలి. దాని కొస కొమ్మ చుట్టూ తిరిగి ఉంగరంలా బిగిసిపోయి ఉంటుంది. గట్టిగా లాగితే ముందు కొమ్మే విరుగుతుంది. ఆ తొడిమకూ చెట్టుకూ సంబంధం లేదు, అదీ పురుగు నోటి నుంచి వచ్చిన పట్టే.

గూడు కట్టే ముందు గొంగళిపురుగు రెండు మూడు ఆకుల్ని దారంతో దగ్గరికి లాగి ఊయల లాంటిది కట్టుకుంటుంది. తర్వాత పైకి పాకి కొమ్మ చుట్టూ పట్టు చుట్టి, అక్కడి నుంచి కిందికి తొడిమ దించుతుంది. ఆ తర్వాతే తన చుట్టూ గోడ కట్టడం మొదలుపెడుతుంది. ఇంత శ్రమ ఎందుకంటే, మద్ది ఆకు రాల్చే చెట్టు. ఎండాకాలం ముంగిట ఆకులు నేలపాలవుతాయి. చలికాలపు కాయలోని పురుగు మాత్రం జూన్ వానల దాకా లోపలే నిద్రపోవాలి. ఆకునే నమ్ముకున్న గూడు ఆకుతో పాటే నేలకు రాలి, చెదలకో కార్చిచ్చుకో బలైపోతుంది. కొమ్మను పట్టుకున్నది నిలుస్తుంది.

భద్రాచలం దాటి శబరి వెంట చింతూరు, కూనవరం వైపు సాగే అడవుల్లోనూ, గోదావరికి ఎగువన మహదేవపూర్, కోటపల్లి, చెన్నూరు దాకా ఉన్న అడవుల్లోనూ ఈ పట్టు కథ నడుస్తుంది. కోయ, గోండు, నాయకపోడు కుటుంబాలు కొన్ని తరాలుగా ఈ పురుగును చెట్ల మీద సాకుతున్నాయి. ఒకప్పుడు చింతూరు దాకా ఖమ్మం జిల్లాయే. 2014లో పోలవరం కోసం ఆ మండలాలను ఆంధ్రప్రదేశ్‌లో కలిపాక భద్రాచలం పట్టణం తెలంగాణలో ఉండిపోయింది. ఇంకాస్త పైకి పోతే ఛత్తీస్‌గఢ్. మూడు రాష్ట్రాల గీతలు కలిసే ఈ చోట పురుగుకు తెలిసిన సరిహద్దు ఒక్కటే: మద్దిచెట్లు ఎక్కడ ఆగిపోతాయన్నది.

ఊహాలోకపు కథల్లో మంత్రపు పురుగు నేసిన వస్త్రం కత్తికి తెగదు, నిప్పుకు కాలదు, తొడిగినవాడి గాయాలు మాన్పుతుంది. దసలి దారానికి అన్ని మహిమలు అంటగట్టనవసరం లేదు. అది తెగుతుంది, కాలుతుంది కూడా. కానీ మూడో మాట దగ్గర మాత్రం శాస్త్రవేత్తలు కాస్త ఆగి ఆలోచిస్తున్నారు. ఆ సంగతి ముందుకు పోయాక చూద్దాం.

రెక్కలొచ్చాక ఈ పురుగును చిలక అంటారు. దసలి చిలక శాస్త్రీయ నామం ఆంథీరియా మైలిట్టా. మల్బరీ పట్టు పురుగు కుటుంబం వేరు, దీని కుటుంబం వేరు. మల్బరీ పురుగును మనిషి కొన్ని వేల ఏళ్లుగా ఇంట్లో పెట్టి పెంచాడు. ఆ పెంపకంలో దాని చిలక ఎగరడమే మరిచిపోయింది. పళ్లెంలో ఆకు వేస్తే తింటుంది, వేయకపోతే అక్కడే చస్తుంది. దసలిది అడవి బతుకు. ఆడచిలక రెక్కలు చాస్తే జానెడు వెడల్పు దాకా వస్తుంది. ఒక్కో రెక్క మీద అద్దం ముక్క లాంటి పారదర్శకమైన కన్ను. అయితే తినడానికి నోరే లేదు. పురుగుగా ఉన్నప్పుడు దాచుకున్న కొవ్వుతోనే కొద్ది రోజులు బతికి, మగదాన్ని కలిసి, రెండు వందలకు అటూ ఇటూ గుడ్లు పెట్టి పోతుంది. మగదాని ఈకల మీసాలు చీకట్లో ఆడదాని వాసన పట్టుకోవడానికే.

తొమ్మిదో రోజుకు కాస్త అటూ ఇటూగా గుడ్లు పగులుతాయి. బయటికి వచ్చిన పురుగు కొన్ని మిల్లీగ్రాములే, నల్లటి తల, పసుపు గోధుమ ఒళ్లు. తర్వాత నాలుగుసార్లు చర్మం విడుస్తుంది. చర్మం విడిచే ముందు తిండి మాని కదలకుండా ఉండిపోయే స్థితిని పట్టు రైతులు జ్వరం అంటారు. నాలుగు జ్వరాలు గడిచాక ఆకుపచ్చగా, బొటనవేలిని మించిన లావున, పక్కల వెండిచుక్కల్లా మెరిసే మచ్చలతో తయారవుతుంది. అప్పటికి బరువు 40 గ్రాముల పైమాట. మల్బరీ పురుగు తన నిండు వయసులో తూగేది అయిదారు గ్రాములే. మరి అంత ఒళ్లున్న పురుగు ఆరుబయట చెట్టు మీద నెలకు పైగా ఉంటే చూసి ఊరుకునేదెవరు? కాకులు, పిట్టలు, కందిరీగలు, గొల్లభామలు, రసం పీల్చే నల్లులు అన్నిటికీ అది విందే. అందుకే పెంపకందార్లు పురుగున్నన్నాళ్లూ అడవిలో గుడిసె వేసుకుని, వడిసెల పట్టుకుని, కేకలేస్తూ కాపలా ఉంటారు. ఓ చెట్టు ఆకు అయిపోతే పురుగులున్న రెమ్మల్ని కోసి పక్క చెట్టుకు తగిలిస్తారు. పొలం కాపలా కన్నా ఇది కష్టం, ఎందుకంటే ఇక్కడ పంటే నడుస్తుంది.

పిట్టను తరమొచ్చు. ఊజీ ఈగను తరమడం కష్టం. అది పురుగు చర్మం మీద గుడ్డు పెట్టి పోతుంది. గుడ్డులోంచి వచ్చిన పిల్ల లోపలికి తొలుచుకుపోయి మెల్లగా తింటుంది. పెబ్రిన్ అనే రోగం ఇంకా మొండిది. తల్లి చిలక నుంచి గుడ్డులోకే సంక్రమిస్తుంది. 1860లలో దక్షిణ ఫ్రాన్స్ పట్టు పరిశ్రమను ఈ రోగమే కూల్చబోతే లూయీ పాశ్చర్ వెళ్లి, గుడ్లు పెట్టిన తల్లి చిలకను నూరి సూక్ష్మదర్శినిలో చూడటం, రోగకణాలు కనిపిస్తే ఆ గుడ్లన్నీ పారేయడం అనే పద్ధతి చెప్పాడు. ఇవాళ దసలి విత్తన కేంద్రాల్లో జరుగుతున్నదీ అదే. నూట యాభై ఏళ్లు గడిచినా ఆ చిట్కానే నమ్ముకుంటున్నారు.

ఇక శత్రువుల్లో అందరికన్నా చిత్రమైనది ఎర్ర చెట్టుచీమ. చిత్రం ఎందుకంటే, మద్దిచెట్టు మీద పట్టు తీసే రెండో పురుగు అదే.

చెట్ల మీద ఆకుల్ని కలిపి బంతిలా గూడు కట్టే ఈ చీమను ఖమ్మం పల్లెల్లో మామిడితోట ఉన్న ప్రతివాళ్లూ ఒకసారైనా కుట్టించుకునే ఉంటారు. గూడు కట్టే తీరు మాత్రం చాలామంది చూసి ఉండరు. దూరంగా ఉన్న రెండు ఆకుల్ని దగ్గరికి తేవాలంటే చీమలు ఒకదాని నడుము ఒకటి పట్టుకుని గొలుసు కడతాయి. గొలుసు కొద్దికొద్దిగా కురచ చేస్తూ ఆకుల్ని లాగుతాయి. అంచులు కలవగానే ఇంకో జట్టు గూటిలోంచి తమ పిల్లపురుగుల్ని నోట కరుచుకుని వస్తుంది. పట్టు తీసే గ్రంథి ఉన్నది ఆ పిల్లకే, పెద్ద చీమకు లేదు. పెద్దది పిల్లను ఈ ఆకు అంచుకు ఒకసారి, ఆ ఆకు అంచుకు ఒకసారి తాకిస్తూ పోతుంటే పిల్ల నోటి నుంచి దారం వస్తుంటుంది. మగ్గం మీద నాడె అటూ ఇటూ పోయినట్టే పని సాగుతుంది. చాలా చీమల జాతుల్లో పిల్ల తన చుట్టూ తనే గూడు అల్లుకుంటుంది. ఈ జాతిలో పిల్లకు ఆ సొంత గూడే లేదు. తన పట్టంతా ఊరి ఇళ్లకే ఖర్చయిపోతుంది.

ఆ దారం లోపల చూస్తే ఇంకో ఆశ్చర్యం. చీమలు, తేనెటీగలు తీసే పట్టుకూ చిలకల పట్టుకూ పేరొకటే గానీ నిర్మాణం వేరు. 2007లో ఆస్ట్రేలియా సీఎస్ఐఆర్ఓలో టారా సదర్‌లాండ్ బృందం ఈ చీమ పట్టులోని ప్రొటీన్లను గుర్తించింది. చిలకల పట్టులో ప్రొటీన్ గొలుసులు మడత మడతగా పేర్చిన పలకల్లా ఉంటే, చీమ పట్టులో అవి ఒకదాని చుట్టూ ఒకటి మెలిపడిన సుడుల్లా ఉంటాయి. అంటే పట్టు తీసే విద్యను కీటకాలు ఒకే తాత దగ్గర నేర్చుకోలేదు. ఎవరికి వాళ్లు వేర్వేరు కాలాల్లో కనిపెట్టుకున్నారు.

దసలి పెంచేవాళ్లకు ఈ పరిశోధనతో పని లేదు. చిన్న పురుగుల్ని ఈ చీమలు ఒక్క పూటలో ఖాళీ చేయగలవు. కాబట్టి గుడ్లను ఆకు దొన్నెల్లో పెట్టి కొమ్మలకు కట్టే ముందే చెట్టు మీది చీమగూళ్లను కోసి తీసేస్తారు. సరిహద్దుకు అవతల బస్తర్ సంతల్లో ఇవే గూళ్లలోని చీమలు, గుడ్లు చాప్డా చట్నీకి అమ్ముడుపోతాయి. దక్షిణ చైనాలో నాలుగో శతాబ్దం నుంచే నారింజ తోటల రైతులు ఈ చీమగూళ్లను డబ్బిచ్చి కొని చెట్లకు వేలాడదీసేవాళ్లు, పురుగుల్ని తినిపెడతాయని. ఒకరికి మందు, ఒకరికి కూర, ఒకరికి శని.

దసలి దారం దగ్గరికి వద్దాం. పురుగు పొట్టలో రెండు పొడవాటి గ్రంథులుంటాయి. వాటిలో ఫైబ్రోయిన్ అనే ప్రొటీన్ నీళ్లలో కరిగి చిక్కటి ద్రవంలా నిల్వ ఉంటుంది. పురుగు తల ఊపుతూ లాగేకొద్దీ ఆ ద్రవం సన్నటి నాళంలో నలిగి, నీళ్లు వదిలి, ఆమ్లగుణం మారి, పెదవి దాటేసరికి గట్టి దారమైపోతుంది. వేడి లేదు, ఘాటు రసాయనం లేదు. నైలాన్ ఫ్యాక్టరీకి వందల డిగ్రీల వేడి కావాలి. రెండు గ్రంథుల నుంచి రెండు పోగులు వస్తాయి, వాటిని సెరిసిన్ అనే జిగురు ఒకటిగా అంటిస్తుంది.

మల్బరీ ఫైబ్రోయిన్‌లో గ్లైసిన్, అలనిన్ అనే అమైనో ఆమ్లాలు ఒకదాని పక్కన ఒకటి వరసగా వస్తాయి. దసలిలో ఒక్క అలనినే పది పన్నెండు సార్లు వరసపెట్టి వస్తుంది. సాలీడు వేలాడే దారంలోనూ ఇలాంటి అలనిన్ వరసలే ఉన్నాయి. సాలీడు కీటకం కాదు, చిలకకు చాలా దూరపు చుట్టం. అయినా గట్టి దారం కావాల్సి వచ్చినప్పుడు ఇద్దరూ ఒకే ఉపాయం పన్నారు. దసలి పోగు మల్బరీ పోగు కన్నా మూడు నాలుగు రెట్లు లావు. గుండ్రంగా కాక బల్లపరుపుగా ఉంటుంది కాబట్టే దసలి చీర మీద వెలుగు మల్బరీ చీర మీద పడినట్టు జారిపోదు, అక్కడక్కడా విరిగి మెరుస్తుంది.

కాయ గట్టిదనానికి దారం ఒక్కటే కారణం కాదు. గోడ కట్టడం పూర్తవుతుండగా పురుగు తన ఒంట్లోంచి కాల్షియం ఆక్సలేట్ నిండిన ద్రవాన్ని వదిలి లోపలి నుంచి గోడకు పూస్తుంది. అది ఎండితే సన్నటి పలుకులుగా మారి దారాల సందుల్లో కూరుకుపోతుంది. పైగా మద్ది ఆకులోని టానిన్లు. మద్దిబెరడును తోళ్లు ఊనడానికి వాడేది ఈ టానిన్ల కోసమే. ఒక రకంగా ఆ కాయ తన్ను తానే తోలులా ఊనుకుంటుంది. తేనెరంగు, రాగిరంగు కూడా అక్కడి నుంచి వచ్చేవే.

అడవిలో ప్రాణం కాపాడే ఈ కవచమే దారం తీసే చోట తలనొప్పి. మల్బరీ గూడు వేడినీళ్లలో వేస్తే జిగురు వదిలేస్తుంది. దసలి కాయకు అది చాలదు. సోడా వేసి ఉడకబెట్టాలి, ఆవిరి పట్టాలి. అప్పుడు కూడా కొస దొరకడం నేర్పు మీద ఆధారపడింది. తరతరాలుగా ఆడవాళ్లు నేల మీద కూర్చుని, నాలుగైదు కాయల కొసలు కలిపి, బట్ట తొలగించిన తొడ మీద అరచేత్తో రాస్తూ పురి ఎక్కించేవాళ్లు. సోడాతడి, జిగురు, రాపిడి కలిసి చర్మం పగిలేది. కిలో దారానికి వెయ్యికి పైగా కాయలు కావాలి. ఆ లెక్కన తొడ మీద ఎన్నిసార్లు చెయ్యి ఆడిందో ఊహించుకోవచ్చు. కేంద్ర పట్టు మండలి ఈ పద్ధతి మాన్పించడానికి బునియాద్ అనే చిన్న రీలింగ్ యంత్రాన్ని పంచింది. సంప్రదాయం పేరుతో తొడమీది పనిని ఫొటోలు తీసి మెచ్చుకునేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. మెచ్చుకునే ముందు ఓ గంట ఆ పని చేసి చూడాలి.

సోడా వేసి ఉడకబెట్టినా లొంగని గోడను లోపలి చిలక ఎలా దాటుతుంది? దానికి పళ్లు కూడా లేవు కదా. 1964లో హార్వర్డ్‌లో ఫోటిస్ కాఫటోస్, కారల్ విలియమ్స్ ఈ చిక్కు విప్పారు. వాళ్లు చూసింది దసలికి దగ్గరి చుట్టాలైన చిలకల్ని. బయటికి వచ్చే వేళ చిలక నోటి దగ్గర ఒక ఎంజైమ్ ఊరుతుంది. దానికి కొకూనేజ్ అని పేరు పెట్టారు. అది జిగురునే తింటుంది, దారాన్ని ముట్టదు. జిగురు వదలగానే తొడిమ వైపు పోగులు సడలుతాయి, చిలక తలతో వాటిని పక్కకు నెట్టుకుంటూ బయటపడుతుంది. పట్టు జిగురు వదిలించేవాళ్లు సోడాకు బదులుగా ఈ ఎంజైమ్ వాడొచ్చా అని పరిశోధనలు జరుగుతున్నాయి. మనిషి కుండెడు సోడాతో చేసే పని పురుగు ఒక్క చుక్కతో చేస్తోంది మరి.

చిలక పోయాక మిగిలిన కాయ నుంచి ఏకధాటి దారం రాదు, పత్తిలా వడకాలి. దసలిలో అలా వడికిన దారాన్ని ఘిచ్చా అంటారు. హైదరాబాద్‌లో చేనేత సహకార సంస్థ ఉద్యోగి కుసుమ రాజయ్య 1990లలో మల్బరీతో ఇదే దారి పట్టి, పురుగును చంపకుండా తీసిన అహింసా పట్టుకు పేరు తెచ్చారు.

అదే కారల్ విలియమ్స్ ఇంకో విషయం కూడా తేల్చాడు. చలికాలపు కాయలో ఆరు నెలలు నిద్రపోయే ప్యూపాకు లేచే వేళ ఎలా తెలుస్తుంది? దసలికి చుట్టమైన చైనా ఓక్ చిలక ప్యూపాలో మెదడుకు సరిగ్గా పైన చర్మం పారదర్శకంగా, చిన్న కిటికీలా ఉంటుంది. కాయ గోడ గుండా వచ్చిన వెలుతురు ఆ కిటికీలోంచి మెదడుకు చేరి, పగళ్లు పొడవవుతున్నాయని చెబుతుంది. కళ్లతో పని లేకుండా మెదడే నేరుగా పగటిని కొలుస్తోందన్నమాట.

మనుషులకు ఈ దారంతో పరిచయం కొత్తది కాదు. హరప్పాలో దొరికిన నాలుగు వేల ఏళ్ల పైబడిన లోహపు నగల్లో చిక్కుకున్న పోగుల్ని 2009లో సూక్ష్మదర్శినితో చూసినవాళ్లు అవి ఆంథీరియా జాతి అడవి పట్టువని తేల్చారు. చైనా మల్బరీ పట్టు మనకు రాకముందే ఇక్కడ పట్టు ఉండేదన్నది దాని అర్థం. శాస్త్ర గ్రంథాల్లోకి ఎక్కడానికి మాత్రం చాలా కాలం పట్టింది. గోదావరి డెల్టాలో సామర్లకోటలో పదేళ్లకు పైగా ఉండి, 1793లో కలకత్తా తోటకు వెళ్లిన విలియం రాక్స్‌బర్గ్ 1804లో లినియన్ సొసైటీ పత్రికలో బెంగాలు దసలి, ఆముదపు పట్టు పురుగుల మీద వ్యాసం అచ్చువేశాడు. పురుగు మేసే మద్దిచెట్ల శాస్త్రీయ నామాల వెనకా ఆయన పనే ఉంది.

ఇప్పుడు గాయాల మాట. దసలి ఫైబ్రోయిన్‌లో ఆర్జినిన్, గ్లైసిన్, ఆస్పార్టిక్ ఆమ్లం మూడూ వరసగా వచ్చే చోట్లున్నాయి. మన శరీర కణాలు చుట్టూ ఉన్న ప్రొటీన్లను పట్టుకుని నిలబడేది ఈ మూడింటి వరసను గుర్తుపట్టే. మల్బరీ ఫైబ్రోయిన్‌లో ఈ వరస లేదు. అంటే దసలి పొర మీద కణాలకు పట్టు దొరుకుతుంది. ఖరగ్‌పూర్ ఐఐటీలో సుభాస్ కుండు బృందం ఈ ప్రొటీన్‌తో కణాలు పెరిగే పొరలు, స్పంజులు తయారుచేసి చాలా ఏళ్లు పరిశోధించింది. అక్కడా కాయ తన మొండితనం చూపింది. మల్బరీ పట్టును కరిగించే లవణాలకు దసలి కరగదు. దాంతో వాళ్లు ఎదిగిన పురుగు గ్రంథుల నుంచే ద్రవాన్ని తీసుకోవలసి వచ్చింది. ఇదంతా ప్రయోగశాల మాట. ఆస్పత్రిలో దసలి కట్టు అని రేపే ఆశించకూడదు.

2022-23లో దేశంలో తయారైన ముడి పట్టు 36,582 టన్నులు. అందులో దసలి 1,318 టన్నులు, నాలుగు శాతం కూడా కాదు. అదీ ఎక్కువగా ఝార్ఖండ్‌ది. గోదావరి తీరాన ఉన్నది ఆంధ్రా లోకల్ అనే స్థానిక రకం. ఆంథీరియా మైలిట్టాలో ఇలాంటి ప్రాంతీయ రకాలు నలభైకి పైగా ఉన్నాయి. చిన్నదైనా గట్టి కాయ, మంచి దారం అని ఆంధ్రా లోకల్‌కు పేరు. వరంగల్‌లో కాకతీయ విశ్వవిద్యాలయం జంతుశాస్త్రజ్ఞులు దీని మీద చాలాకాలం పనిచేశారు. గుడ్లు తక్కువ, చిలకలు ఒకేసారి బయటికి రాకపోవడం దీని లోపాలు. విత్తన కేంద్రాలకు లెక్క ప్రకారం వచ్చే పురుగు కావాలి. కాబట్టి సింగ్‌భూమ్ వైపు పుట్టిన డాబా రకం గుడ్లు ఇక్కడికి వచ్చాయి, స్థానిక రకం వెనక్కి పోయింది. ఆదాయం కోసం రైతు డాబా ఎంచుకుంటే తప్పుపట్టలేం. కానీ ఈ ఎండలకు, ఈ మద్దికి అలవాటుపడిన రకం ఒకసారి పోతే ఏ ప్రయోగశాలా తిరిగి తయారుచేయలేదు.

చట్టం సంగతి కూడా చెప్పుకోవాలి. అడవిలో దసలి పెంచితే అటవీ సంరక్షణ చట్టం కింద అనుమతి కావాలా అన్న పేచీ చాలాకాలం నడిచింది. గిరిజనులు బతుకుదెరువుగా, ఒకే రకం చెట్ల తోట వేయకుండా చేసే దసలి పెంపకం అటవీ పనే, దానికి కేంద్రం ముందస్తు అనుమతి అక్కర్లేదు అని మార్గదర్శకాల్లో స్పష్టం చేశారు. పురుగు మేత కోసం కొత్తగా చెట్లు నాటితే ఉన్నవి నరకకూడదు, కనీసం మూడు జాతులు నాటాలి, ఏ ఒక్కటీ సగం మించకూడదు.

చింతూరు నుంచి కుంట దాటి పైకి పోతే మద్దితో పాటు సాల్ చెట్లు మొదలవుతాయి. అక్కడ రైలీ అనే రకం ఉంది. అది బందీగా పెంచితే సరిగా పెరగదు. బస్తర్‌లో దానికి వేరే ఉపాయం చేశారు. విత్తనపు కాయల్ని తెచ్చి అడవిలోనే శిబిరాల్లో వేలాడదీస్తారు, చిలకలు వాటంతటవే బయటికి వచ్చి అక్కడే జతకట్టి గుడ్లు పెడతాయి. ఆ తర్వాత కాయలు ఎవరికి కనిపిస్తే వాళ్లు ఏరుకుని సంతలో అమ్ముకుంటారు. భద్రాచలం వైపు ఆంధ్రా లోకల్‌ను నిలబెట్టడానికీ షెడ్లలో విత్తనం తీయడం కన్నా ఇదే చౌక. విత్తనపు కాయలు జూన్ తొలివానకు ముందే అడవికి చేరాలి, వేలాడదీసిన చోట మద్దిచెట్లను ఆ ఏడాది ఎవరూ నరకకూడదు.